కువైట్‌కి కొత్తగా వచ్చే మన చిత్తూరు, తిరుపతి వాళ్ళకి

ఏజెంట్ మీకు జీతం ఎంతో చెప్తాడు, చెన్నైలో ఏ ఫ్లైట్ ఎక్కాలో చెప్తాడు. ఆ ఇంట్లో మీరు ఎక్కడ పడుకుంటారో, ఏ వేళకి తింటారో మాత్రం చెప్పడు. నేనిక్కడ నర్సుని. పీలేరు, పుంగనూరు, శ్రీకాళహస్తి వైపు నుంచి వచ్చి ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళు తలనొప్పి అనో, కడుపులో మంట అనో మా దగ్గరికి వస్తుంటారు. ముప్పై అయిదేళ్ళ మనిషి బీపీ చూస్తే గుండె ఝల్లుమంటుంది. తెలుగులో రెండు మాటలు మాట్లాడితే చాలు, మిగతాదంతా ఏడుస్తూ చెప్పేస్తారు. వాషింగ్ మెషీన్ పక్కన పరుపు. ఇంటిల్లిపాదీ తిన్నాక మిగిలింది తినడం. రాత్రి ఒంటిగంటకి చుట్టాలొస్తే లేచి టీ పెట్టడం, పొద్దున్నే లేచి పిల్లల్ని స్కూలుకి తయారు చేయడం. "ఊళ్ళో చేను పనులు చేసేటప్పుడు కూడా నాకిలా లేదు సిస్టర్" అంటారు.

చేనులో ఒళ్ళు అలిసినా రాత్రికి తేరుకుంటుంది. ఎప్పుడు ఏ మాట పడాలోనని రోజంతా బిక్కుబిక్కుమంటూ ఉంటే ఒంటికి ఆ వ్యవధి దొరకదు. టెన్షన్ పడినప్పుడు ఊరే కార్టిసాల్ లాంటి హార్మోన్లు నెలల తరబడి తగ్గకపోతే బీపీ, షుగర్ పెరుగుతాయి, నిద్ర చెడుతుంది. లండన్ ప్రభుత్వోద్యోగుల మీద 1967లో మొదలైన వైట్‌హాల్ అధ్యయనంలో, అట్టడుగు హోదాలో ఉన్న మగవాళ్ళ మరణాల రేటు పై అధికారుల కంటే దాదాపు మూడు రెట్లు ఉందని తేలింది. సిగరెట్లు, బీపీ లాంటివి లెక్కలోకి తీసుకున్నా ఆ తేడా పూర్తిగా పోలేదు. వాళ్ళందరివీ పక్కా ఉద్యోగాలే. ఇక పాస్‌పోర్టు కూడా చేతిలో లేని మనిషి సంగతి ఆలోచించండి. అందుకే, నాకే ఓర్పు తక్కువ అనుకోవద్దు.

బయల్దేరే ముందు చేయించే మెడికల్ మీకోసం కాదు, పనికి సరిపోతారా లేదా అని వాళ్ళు చూసుకోవడానికి. మీకోసం వేరేగా తిరుపతి రుయా ఆసుపత్రిలోనో, మీ దగ్గర్లోని ప్రభుత్వాసుపత్రిలోనో బీపీ, షుగర్, క్రియాటినిన్ (కిడ్నీలు ఎలా ఉన్నాయో చెప్పే రక్త పరీక్ష) చూపించుకుని ఆ రిపోర్టు ఫొటో తీసి పెట్టుకోండి. ఇక్కడ జబ్బు చేస్తే, రాకముందు ఎలా ఉండేవారో డాక్టర్‌కి తెలుస్తుంది.

ఇంటిపని వాళ్ళ కోసం కువైట్‌లో 2015 నాటి 68వ నంబరు చట్టం ఉంది. రోజుకి 12 గంటలకు మించి పని చేయించకూడదు. వారానికో రోజు సెలవివ్వాలి. మీరు ఒప్పుకోకుండా పాస్‌పోర్టు దగ్గర పెట్టుకోకూడదు. చాలా ఇళ్ళల్లో ఇవి అమలు కావు, నిజమే. అయినా సెలవు సంగతి మొదటి వారంలోనే మాట్లాడుకోండి. ఆరు నెలలు పోయాక అడిగితే కొత్త కోరికలు పుట్టాయంటారు. మనిషిని మనిషిలా చూసే ఇళ్ళూ ఉన్నాయి. అలాంటి ఇంట్లో పనిచేసే మనిషికి జ్వరమొస్తే ఆ ఇంటి మేడమే పక్కన కూర్చుని మందులు ఎలా వేయాలో అడిగి తెలుసుకుంటుంది.

పక్కింటి ఫిలిప్పీన్స్ అమ్మాయికి మీకంటే ఎక్కువ జీతం ఇస్తుంటే మీ పనే తక్కువని కుంగిపోకండి. నెలకి 400 డాలర్లకి తగ్గకూడదని వాళ్ళ ప్రభుత్వం 2006లోనే పట్టుబట్టింది.

బయట పనిచేసే అన్నలకి ఒక మాట. జూన్ 1 నుంచి ఆగస్టు 31 దాకా, పగలు 11 నుంచి 4 వరకు ఎండలో పని చేయించడం నిషేధం. రేణిగుంట ఎండలు చూశాంలే అనుకోవద్దు, ఇక్కడి మిత్రిబాలో 2016లో 53.9 డిగ్రీలు నమోదైంది. బాత్రూమ్ దూరమని నీళ్ళు తాగడం మానేసేవాళ్ళే ఎక్కువ. అలా రోజూ వేడిలో పని చేస్తే కిడ్నీలు పాడవుతాయి, నొప్పి కూడా తెలియదు. మూత్రం ముదురు పసుపుగా వస్తోందంటే నీళ్ళు చాలడం లేదని అర్థం. ఎడారిలో గొర్రెలు, ఒంటెలు కాసేవాళ్ళకైతే ఈ గంటల లెక్క అడిగే దిక్కే ఉండదు. వాళ్ళ నంబరు మీ దగ్గరుంటే వారానికోసారైనా ఫోన్ చేయండి.

ఇక మనలో మనం. శుక్రవారం కువైట్ సిటీలోని మాలియాలో కలిసినప్పుడు ముందు ఊరు అడుగుతారు, తర్వాత ఏ వీధి అంటారు. ఆ రెండో ప్రశ్న ఎందుకో మనందరికీ తెలుసు. ఒకే రూములో ఉంటూ ఒకరికి గ్లాసు వేరే పెట్టిన సంగతి కూడా విన్నాను. వారమంతా పనింట్లో మాటలు పడి వచ్చిన మనిషికి సెలవు రోజున మన మధ్య కూడా అదే ఎదురైతే ఇక ఎక్కడ ఊపిరి తీసుకోవాలి? దయచేసి వీధి అడగొద్దు. రూము తీసుకుంటే ఒకే వంట, అవే గిన్నెలు.

ఎమర్జెన్సీకి 112. దయ్యా అనే ప్రాంతంలో ఉన్న మన ఎంబసీ నంబరు కాగితం మీద కూడా రాసుకుని బట్టల్లో దాచుకోండి, ఫోన్ లాగేసుకుంటే అదే దిక్కు. ఇల్లు వదిలి రావాల్సి వచ్చిన ఆడవాళ్ళకి ఎంబసీ షెల్టర్ ఉంది. ఆసుపత్రికి వచ్చినప్పుడు మేడం ముందు చెప్పలేనిది ఉంటే, సిస్టర్‌తో విడిగా మాట్లాడాలని అడగండి. దెబ్బ ఎలా తగిలిందని మేం అడిగితే, జారిపడ్డానని మాత్రం చెప్పకండి. జరిగింది జరిగినట్టు కేసు షీట్‌లో రాస్తేనే రేపు పోలీసుల దగ్గరైనా, ఎంబసీలోనైనా అది పనికొస్తుంది.