అనిమే వెతుకులాట, 3వ పాఠం: ఫైలుకి తోక చూడండి

పోయిన పాఠంలో సైటు అడగ్గానే నోటిఫికేషన్లకి 'అలో' కొట్టొద్దని చెప్పుకున్నాం, క్రోమ్ సెట్టింగ్స్‌లోకి పోయి పాతవి తీసేయమన్నా, సగం మంది తీసుండరు, సరే పోనీండి. ఈసారి డౌన్‌లోడ్ సంగతి.

మా పిన్ని కొడుకు కందుకూరులో ఉంటాడు, పాత రోబో అనిమేల (జపాన్ కార్టూన్ సిరీస్‌ల) పిచ్చి, యాడా దొరకనివే కావాలి వాడికి. మొన్న ఏడో ఎపిసోడ్ కోసం ఏదో సైటుకి పోతే పేజీ నిండా డౌన్‌లోడ్ బటన్లే, అన్నిట్లోకీ పెద్దగా పచ్చగా మెరిసేది నొక్కాడు (అట్టా మెరిసేది చాలావరకు ప్రకటనే అబ్బాయ్, అసలు లింకు యాడో మూల సన్నంగా ఉంటది). రాత్రి ఫోన్ చేసి "అన్నా, రెండుమాట్లు నొక్కినా వీడియో రావట్లా, ఒక నల్ల బాక్స్ వచ్చి పోయింది" అన్నాడు. పేరు చదవరా అంటే 'ఎపిసోడ్ 07 డాట్ ఎంపీ4' అంటాడు. ఎక్స్‌టెన్షన్ (ఫైలు పేరు చివర డాట్ తర్వాత వచ్చే అక్షరాలు, నేను తోక అనేది దాన్నే) కనపడేలా చేయిస్తే దాని వెనక ఇంకో డాట్, ఈఎక్స్‌ఈ. వీడియో కాదు, ప్రోగ్రాం. బ్రౌజర్లో సేవ్ చేసుకున్న పాస్‌వర్డ్‌లన్నీ ఎత్తకపోయింది, తెల్లారేసరికి వాడి ఇన్‌స్టా వాడిది కాదు.

ఒంగోలు గిత్తని బేరమాడేటప్పుడు పళ్ళు చూస్తారే, అట్టా ఫైలుకి తోక చూడాలి. విండోస్ ఆ తోకని మామూలుగా దాచేస్తది, ఎందుకు దాస్తదో, నాకైతే ఒళ్ళుమంట. విండోస్ 11లో ఫైల్ ఎక్స్‌ప్లోరర్ తెరిచి వ్యూ, షో, ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్, టిక్ పెట్టండి. వీడియో అంటే ఎంపీ4, ఎంకేవీ, సబ్‌టైటిల్స్ అయితే ఎస్ఆర్‌టీ, ఏఎస్ఎస్. ఈఎక్స్‌ఈ, ఎంఎస్ఐ, ఎస్‌సీఆర్, బ్యాట్ కనపడితే గమ్మున డిలీట్. ఫోన్లో అయితే ఏపీకే (యాప్ ఎక్కించే ఫైలు) కూడా అంతే, ఎపిసోడ్ చూడ్డానికి 'ఇన్‌స్టాల్ అన్‌నోన్ యాప్స్' పర్మిషన్‌తో పనేంది చెప్పండి?

సైజు కూడా చూడండి. 24 నిమిషాల ఎపిసోడ్ మామూలుగా వందో రెండొందలో ఎంబీ ఉంటది, 2 ఎంబీ అంటే అందులో బొమ్మలు లేవు. జిప్‌కి పాస్‌వర్డ్ పెట్టి, ఆ పాస్‌వర్డ్ పక్కనే రాసిచ్చారంటే అది మీకోసం కాదు, యాంటీవైరస్ లోపలికి తొంగిచూడకుండా. అనుమానమొస్తే వైరస్‌టోటల్‌లో (ఫైలు ఎక్కిస్తే చాలా యాంటీవైరస్‌లతో చెక్ చేసే సైటు) వేసి చూడండి, ఇంట్లో ఆధార్ కాపీలు మాత్రం అందులో వేయబాకండి, ఎక్కించిన ఫైళ్ళు వేరేవాళ్ళకీ అందుతాయి. అక్కడ ఏమీ పట్టుకోకపోయినా మంచిదేనని గ్యారంటీ లేదు.

ఇప్పటికే నొక్కేసుంటే ముందు నెట్ ఆపండి, పాస్‌వర్డ్‌లు వేరే ఫోన్లో మార్చండి, అదే కంప్యూటర్లో మారిస్తే కొత్తవి కూడా పోతాయి. బ్యాంకు డబ్బులు పోతే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ కొట్టండి.

ఈ వారం పని: డౌన్‌లోడ్స్ ఫోల్డర్లో ఉండే పది ఫైళ్ళ తోకలు రాసుకోండి. మావోడి ఫోల్డర్లో ఇంకో రెండు ఎపిసోడ్ 07లు దొరికాయి.