పైన్‌వుడ్ డెర్బీ కారు – మూడో పాఠం: వేగమంతా నాలుగు మేకుల్లోనే

మొదటి పాఠంలో పెట్టె విప్పి, చెక్క దిమ్మ మీద బొమ్మ గీశాం. రెండో పాఠంలో దిమ్మని కోసి, అరగదీసి, బరువులు ఎక్కడ కూర్చోబెట్టాలో తేల్చుకున్నాం. ఇవాళ ఇరుసులు, చక్రాలు. మొత్తం పాఠాల్లో నేను ఎక్కువ సమయం అడిగేది దీనికే, ఎందుకంటే ఏ కారు ముందు వస్తుందో చాలావరకు తేలేది ఇక్కడే. ఈ పనికి రంపం అక్కర్లేదు, కండబలం అక్కర్లేదు, ఓపిక ఉంటే చాలు. రెండో తరగతి పిల్ల కూడా పక్కన అమ్మో నాన్నో ఉంటే తన చేత్తో చేసుకోగలదు. కారుకి వేగం తెచ్చే పనీ, పిల్లల చేతికి అందే పనీ ఒకటే కావడం వల్లే ఈ ఆటంటే నాకు ఇంత ఇష్టం.

ఇప్పుడే చదవడం మొదలుపెట్టినవాళ్ళ కోసం నాలుగు మాటలు. అమెరికాలో కబ్ స్కౌట్లలో, అంటే స్కౌట్లలో చిన్నపిల్లల విభాగంలో, చేరిన పిల్లలకి ఒక చిన్న పెట్టె ఇస్తారు. అందులో 7 అంగుళాల పైన్ దిమ్మ, నాలుగు ప్లాస్టిక్ చక్రాలు, నాలుగు మేకులు ఉంటాయి. ఆ మేకులే ఇరుసులు. కారుకి మోటారు ఉండదు, ఎవరూ తొయ్యరు, వాలు ట్రాక్ పైనుంచి వదిలేస్తారు, అంతే. 1953లో కాలిఫోర్నియాలోని మాన్‌హాటన్ బీచ్‌లో డాన్ మర్ఫీ అనే కబ్‌మాస్టర్ (కబ్ స్కౌట్ల దళాన్ని నడిపే పెద్ద) ఈ పందేన్ని మొదలుపెట్టాడు. పిల్లలు లోపల కూర్చుని నడిపే సోప్‌బాక్స్ డెర్బీలో పాల్గొనడానికి ఆయన కొడుక్కి వయసు చాలలేదు. అందుకని ఆ వయసు పిల్లలు పెద్దవాళ్ళతో కలిసి చేసుకోగల బుల్లి కారు పందెం ఆలోచించాడు. ఇప్పుడు డాలస్ శివార్లలోనూ న్యూజెర్సీలోనూ ఎన్నో తెలుగు ఇళ్ళ గరాజుల్లో ఈ కార్లు తయారవుతున్నాయి. 2018 నుంచి ఆడపిల్లలూ కబ్ స్కౌట్లే కనుక అక్కాతమ్ముళ్ళు చెరో కారు చేసుకుంటున్న ఇళ్ళు కూడా ఉన్నాయి.

ఇక అసలు విషయం. బరువు 5 ఔన్సులు దాటకూడదన్న నియమం అందరికీ ఒకటే. ట్రాక్ ఒకటే, ఎత్తూ ఒకటే. అంటే పైనుంచి దిగేటప్పుడు కార్లన్నిటికీ దొరికే శక్తి దాదాపు సమానం. బరువుని వెనక్కి జరిపి కొంచెం ఎక్కువ ఎత్తు సంపాదించడం ఎలాగో పోయిన పాఠంలో చూశాం. అక్కణ్ణుంచి ఆదాయం లేదు, ఖర్చు తగ్గించుకోవడమే. ఆ ఖర్చులో గాలి వాటా కొంత, దాన్ని కారు పలచగా చెక్కినప్పుడే తగ్గించాం. చక్రాలు గిరగిరా తిరగడానికి పట్టే శక్తి కొంత, చాలా ప్యాక్‌లు (కబ్ స్కౌట్ల స్థానిక దళాలు) చక్రాన్ని చెక్కి తేలిక చెయ్యనివ్వవు కనుక దాని జోలికి పోలేం. మిగిలింది మేకుకీ, చక్రం రంధ్రానికీ మధ్య రాపిడి. మనం పని చెయ్యబోయేది దాని మీదే.

పిల్లలకి ఇది లెక్కలో చూపించండి, ఇష్టంగా వింటారు. చక్రం అడ్డకొలత సుమారు 30 మిల్లీమీటర్లు. ఒక్కసారి తిరిగితే 94 మిల్లీమీటర్లు ముందుకు పోతుంది. ట్రాక్ 40 అడుగులనుకుంటే, చివరికి చేరేలోపు ఒక్కో చక్రం దాదాపు 130 సార్లు తిరగాలి. అదీ మూడు సెకన్ల చిల్లరలో. మేకు మీద ఒక్క చిన్న గీత ఉందనుకోండి, చక్రం దాన్ని 130 సార్లు రాసుకుంటూ పోతుంది. నాలుగు చక్రాలకి ఎన్నిసార్లో పిల్లల్నే గుణించమనండి.

ముందు మేకుని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి, భూతద్దం పిల్లల చేతికిచ్చి చూడమనండి. పెట్టెలో వచ్చిన మేకు తల కింద ఉబ్బుగా రెండు నొక్కుల గుర్తులుంటాయి, తల అంచున సన్నటి ఇనప పొక్కులుంటాయి. మేకు తయారయ్యేటప్పుడు పడ్డవే అవి. గోటితో మేకు పొడవునా రాస్తే తల దగ్గరికి రాగానే తట్టుకుంటుంది. దాన్ని ఎవరో చెప్పగా వినడం వేరు, తన గోటికి తగలడం వేరు. అది తగిలిన పిల్లలకి ఈ మేకుల్ని ఎందుకు రుద్దాలో మళ్ళీ చెప్పక్కర్లేదు.

డ్రిల్‌ని బల్లకి క్లాంపుతో గట్టిగా బిగించండి. మేకు కోసు వైపు డ్రిల్ నోట్లో పెట్టండి. అక్కడ గీతలు పడినా అది చెక్కలోకి దిగే భాగం కాబట్టి నష్టం లేదు. ఇద్దరూ కళ్ళకి రక్షణ అద్దాలు పెట్టుకోవాలి, పొడుగు జుట్టు వెనక్కి కట్టాలి, వేలాడే చేతుల చొక్కాలు వద్దు. స్విచ్ ఎప్పుడూ మీ వేలి కిందే ఉండాలి. ముందు నెమ్మదిగా తిప్పి చూడండి. మేకు తల అటూ ఇటూ ఊగితే మేకు వంగి ఉన్నట్టు. అలాంటి మేకుని ఎంత నునుపు చేసినా లాభం లేదు. చదునైన ఇనప పలక మీద పెట్టి చిన్న సుత్తితో మెల్లగా తట్టి సరిచెయ్యండి. లోబడకపోతే వేరే మేకు కొనండి, విడిగా దొరుకుతాయి.

తల కింది పొక్కుల్ని సన్న ఆకురాయితో తీసెయ్యాలి. ఇది పెద్దవాళ్ళ పని. మేకు తిరుగుతుండగా ఆకురాయిని తల అడుగున కొంచెం ఏటవాలుగా ఆనించండి. తల అడుగు భాగం చదునుగా కాకుండా అంచుల వైపు కాస్త వెనక్కి వాలినట్టు తయారవుతుంది. అప్పుడు చక్రం బయటికి జరిగి తలకి తగిలినా, తల మొత్తానికి కాకుండా మేకు మొదలు దగ్గర మాత్రమే తగులుతుంది. రాపిడి ఇరుసు నడుమకి ఎంత దగ్గరగా జరిగితే చక్రాన్ని అంత తక్కువగా ఆపుతుంది. తలుపుని బందు దగ్గర నెట్టి ఒకసారి, గడియ దగ్గర నెట్టి ఒకసారి చూపిస్తే ఈ సంగతి పిల్లలకి క్షణంలో అర్థమవుతుంది.

తర్వాత ఉప్పుకాగితం. నీళ్ళలో తడిపి వాడే రకం తెచ్చుకోండి, నెంబర్లు 400, 600, 1000, 2000. అర అంగుళం వెడల్పు పట్టీలుగా కత్తిరించండి. పిల్లలు పట్టీ రెండు కొసలూ రెండు చేతులతో పట్టుకుని, తిరుగుతున్న మేకు మీద ఆనించి మెల్లగా అటూ ఇటూ జరపాలి. పట్టీని వేలికి చుట్టుకోనివ్వకండి, ఈ ఒక్క విషయంలో కఠినంగా ఉండండి. 400తో మొదలుపెట్టి, ఆ గీతలన్నీ ఒకేలా అయ్యాక మేకుని తుడిచి 600కి వెళ్ళాలి. ముందు కాగితం పెట్టిన గీతలు తర్వాతి కాగితం పూర్తిగా చెరిపాకే పైకి వెళ్ళడం. తొందరపడి ఒక మెట్టు వదిలేస్తే పాత గీతలు అడుగున అలాగే ఉండిపోతాయి. 400 దగ్గర మరీ ఎక్కువసేపు రుద్దినా మేకు సన్నబడుతుంది. కిండర్‌గార్టెన్ వయసువాళ్ళయితే డ్రిల్ వద్దు. మేకుని ఒక చెక్కముక్కలో దిగ్గొట్టి, పట్టీతో చేత్తోనే రుద్దనివ్వండి. ఆలస్యమవుతుంది గానీ పని అవుతుంది.

చివర్లో పాత బనీను గుడ్డ మీద బ్రాసో లాంటి లోహపు పాలిష్ కాస్త వేసి రుద్దాలి. ఎప్పటికి చాలంటే, మేకుని కిటికీ వైపు పట్టుకుంటే వెలుతురు గీత ఈ చివర నుంచి ఆ చివర దాకా ఎక్కడా తెగకుండా కనిపించాలి. ఎక్కడైనా తెగిందంటే అక్కడ ఇంకా గీత ఉంది. చాలా లేదా అన్నది పిల్లల్నే తేల్చనివ్వండి. మీకంటే వాళ్ళ కళ్ళు చురుకు, పైగా వాళ్ళు రాజీపడరు. తేలాక సబ్బునీళ్ళతో కడిగి, తడి లేకుండా తుడిచి ఆరబెట్టండి. పాలిష్ జిడ్డు మిగిలిపోతే ముందు ముందు కందెనగా వేసే గ్రాఫైట్ పొడి అంటదు.

రోజుకి ఒక మేకు చాలు. నాలుగూ ఒకే సాయంత్రం పూర్తి చేద్దామనుకుంటే మూడో మేకు దగ్గర పిల్లలకి విసుగొస్తుంది, నాలుగోది మీరు చేసేస్తారు. చాలా ఇళ్ళలో కారు పిల్లల చేతిలోంచి పెద్దల చేతిలోకి జారిపోయేది ఇలాగే. "నువ్వుండు నాన్నా, నేను చేసి పెడతా" అన్న మాట ప్రేమతోనే వస్తుంది, నాకు తెలుసు. కానీ పందెం రోజున పక్క పిల్లవాడు వచ్చి "నీ కారు ఇంత స్పీడుగా ఎలా పోయింది?" అని అడిగితే చెప్పుకోవడానికి వాళ్ళ దగ్గర ఏదో ఒకటి ఉండాలి కదా! నాలుగో స్థానంలో వచ్చిన కారైనా సరే, మేకులు తనే రుద్దానని చెప్పగలిగితే ఆ కారు వాళ్ళది. రంపం, ఆకురాయి, డ్రిల్ స్విచ్ మీ వాటా. ఉప్పుకాగితం, పాలిష్, గ్రాఫైట్ వాళ్ళవి. ఈ పంపకాన్ని మార్చకండి.

చక్రాల పని తక్కువ. అచ్చులోంచి వచ్చినప్పుడు మిగిలిన చిన్న మొటిమ ఏదైనా అంచు మీద ఉంటే 600 కాగితంతో చేత్తోనే తీసెయ్యండి. డ్రిల్ మీద వేగంగా తిప్పితే ప్లాస్టిక్ వేడెక్కి మెత్తబడుతుంది. రంధ్రం లోపల శుభ్రం చెయ్యడానికి క్రాఫ్ట్ సామాన్లలో దొరికే పైప్ క్లీనర్ బాగా పనికొస్తుంది. ప్లాస్టిక్ పాలిష్ ఒక చుక్క అద్ది కాసేపు ముందుకీ వెనక్కీ ఆడించి, కడిగి ఆరబెడితే సరి.

ఇక కందెన. 'కందెన వెయ్యని బండికి కావలసినంత సంగీతం' అని మన సామెత. ఈ బుల్లి బండికి మాత్రం ఆముదమూ వద్దు, మిషను నూనే వద్దు. నూనె దుమ్ముని పట్టి ఉంచుతుంది, పైగా చాలా ప్యాక్‌లు దాన్ని ఒప్పుకోవు. వాడాల్సింది గ్రాఫైట్ పొడి. పెన్సిల్ ములుకులో ఉండే పదార్థమే అది. దానిలో పొరలు ఒకదాని మీద ఒకటి సులువుగా జారతాయి, అందుకే పెన్సిల్ కాగితం మీద అంత తేలిగ్గా నడుస్తుంది. కింద వార్తాపత్రిక పరిచి, పొడి ముక్కులోకి పోకుండా మాస్కు పెట్టుకుని కూర్చోండి. చక్రం రంధ్రంలో కాస్త పొడి వేసి, మేకు దూర్చి, చేత్తో పట్టుకుని చక్రాన్ని తిప్పాలి. తట్టి దులిపి, మళ్ళీ కొంచెం వేసి, మళ్ళీ తిప్పాలి. ఒకేసారి గుమ్మరిస్తే పొడి కింద రాలిపోతుంది, కొంచెం కొంచెంగా వేస్తేనే పొరలా అంటుకుంటుంది. చక్రం కారు చెక్కకి రాసుకునే చోట కూడా గ్రాఫైట్ రుద్దండి, ఆ చోటుని చాలామంది మర్చిపోతారు.

ఇప్పుడు పిల్లలకి నచ్చే పరీక్ష. మేకుని అడ్డంగా పట్టుకుని చక్రాన్ని వేలితో ఒక్క ఊపు ఊపి, ఫోన్లో స్టాప్‌వాచ్ పెట్టండి. ఎన్ని సెకన్లు తిరిగిందన్నది ఊపుని బట్టి మారుతుంది కనుక ఆ అంకెని పెద్దగా పట్టించుకోకండి. నాలుగిట్లో ఏది ముందు ఆగుతోంది, ఏది చివరిదాకా చప్పుడు లేకుండా తిరుగుతోంది అన్నదే ముఖ్యం. ఒక్కోదాన్నీ మూడు నాలుగు సార్లు తిప్పి వరస తేల్చండి. ఏ మేకు ఏ చక్రంతో అలవాటుపడిందో ఆ జంటని విడదియ్యకుండా విడి విడి కవర్లలో పెట్టి, పైన 1 నుంచి 4 దాకా పిల్లలచేత రాయించండి.

బాగా తిరిగిన రెండు జంటలూ వెనక్కి వెళ్ళాలి. మన కారు బరువు కేంద్రం వెనక ఇరుసుకి అంగుళం ముందు ఉంది, రెండు ఇరుసుల మధ్య దూరం 4 3/8 అంగుళాలు. లెక్క వేస్తే మొత్తం బరువులో మూడొంతులకి పైగా, అంటే నాలుగింట మూడు వంతులు దాటి, వెనక రెండు చక్రాల మీదే పడుతుంది. బరువెక్కడుంటే రాపిడి అక్కడ. నాలుగో నెంబరు జంట ముందు వైపు ఒక పక్కకి వెళుతుంది. మీ ప్యాక్ నియమాలు ఒప్పుకుంటే ఆ చక్రాన్ని ట్రాక్‌కి తగలకుండా కొద్దిగా పైకి ఎత్తి, కారుని మూడు చక్రాల మీదే నడపొచ్చు. దాని సంగతి వచ్చే పాఠంలో.

అప్పటిదాకా మేకుల్ని చెక్కలోకి దించకండి. పైన్ మెత్తటి చెక్క. ఒకసారి దించి లాగి మళ్ళీ దించితే గాడి వదులైపోతుంది, చక్రం వంకర తిరుగుతుంది.

వచ్చే పాఠంలోపు మూడు వస్తువులు సిద్ధం చేసుకోండి. నాలుగడుగుల నున్నటి పలక ఒకటి, కారు నేరుగా పోతోందో లేదో దాని మీద చూస్తాం. పాత క్రెడిట్ కార్డు ఒకటి, చక్రానికీ చెక్కకీ మధ్య ఎంత ఖాళీ ఉండాలో దాని మందంతోనే కొలుస్తాం. మూడోది మీ ప్యాక్ ఇచ్చిన నియమాల కాగితం. మేకుని కొద్దిగా వంచొచ్చా, ఒక చక్రం గాల్లో ఉండొచ్చా అన్న రెండు ప్రశ్నలకి జవాబు అందులో వెతికి, కింద గీత గీసి ఉంచమని పిల్లలకి చెప్పండి. కాగితంలో లేకపోతే ఈ వారం మీటింగులో కబ్‌మాస్టర్‌ని పిల్లలే అడగాలి.