మ్యాప్ చూసి ఒక దేశం చరిత్ర చదవడం ఎలా?

ఏదైనా దేశం గురించి తెలుసుకోవాలనగానే చాలామంది తేదీల జాబితాతో మొదలుపెడతారు. నాలుగు పేజీలు తిప్పేసరికి యుద్ధాలు, ఒప్పందాలు, నాయకుల పేర్లు కలగాపులగమైపోతాయి. నేనైతే ముందు మ్యాప్ తీయమంటాను. సరిహద్దు అంటే ఎవరో, ఎప్పుడో, ఏదో ఆశించి గీసిన గీత. గీసిందెవరు, ఏం ఆశించి గీశారు అన్నది పట్టుకుంటే మిగతా చరిత్ర దాని వెంటే వస్తుంది.

ఈ పద్ధతి చెప్పడానికి నమీబియాను తీసుకుంటున్నాను. ఆఫ్రికా నైరుతి మూలన, అట్లాంటిక్ తీరంలో ఉంది. 1990 మార్చి 21న స్వతంత్రమైంది. నేర్చుకోవడానికి ఇంతకంటే మంచి మ్యాప్ నాకు కనిపించలేదు.

మొదట, చేత్తో గీయండి

ఇప్పటి మ్యాప్ ఒకటి, స్వాతంత్ర్యానికి ముందుది ఒకటి పక్కపక్కన పెట్టుకోండి. దేశం ఆకారాన్ని పెన్సిల్‌తో కాగితం మీద గీయండి. అందంగా రావక్కర్లేదు. ఊరికే చూస్తే కంటికి ఆనని వంకరలు గీస్తున్నప్పుడు తెలుస్తాయి. ఎక్కడ చెయ్యి ఆగిందో అక్కడ చిన్న గుర్తు పెట్టండి.

నమీబియా గీసేటప్పుడు ముందు తూర్పు వైపు ఆగుతాం. దక్షిణాన ఆరెంజ్ నది దగ్గర మొదలైన సరిహద్దు 20వ తూర్పు రేఖాంశం పట్టుకుని నిటారుగా పైకి వెళ్తుంది. 22వ దక్షిణ అక్షాంశం దగ్గర మెట్టులా తూర్పుకు జరుగుతుంది. అక్కడి నుంచి 21వ రేఖాంశం వెంట మళ్లీ పైకి. ఇక ఈశాన్య మూలన, దేశం లోపలి నుంచి వేలు చాచినట్టు ఒక సన్నటి పట్టీ దాదాపు 450 కిలోమీటర్లు తూర్పుకు పొడుచుకుపోతుంది. పాత మ్యాప్‌లో ఇంకో వింత ఉంది. తీరం మధ్యలో వాల్విస్ బే అనే ఓడరేవు వేరే రంగులో కనిపిస్తుంది.

గీతలను రకాలుగా విడదీయండి

నదివెంట వెళ్లే గీతలకు ఒక రంగు, స్కేలు పెట్టి గీసినట్టున్న వాటికి ఇంకో రంగు వేయండి. నమీబియాకు ఉత్తరాన కొంత కునేనె నది, కొంత ఒకవాంగో నది సరిహద్దు. వాటి మధ్య ముక్క తిన్నని గీత. అప్పట్లో నమీబియా జర్మనీ వలస, అంగోలా పోర్చుగల్ వలస. అందుకే అంగోలాతో ఉన్న ఈ సరిహద్దును 1886లో జర్మనీ, పోర్చుగల్ మాట్లాడుకుని ఖాయం చేశాయి. ఆ గీత ఒవాంబో ప్రజల మధ్య నుంచి పోయింది. వాళ్లలో క్వాన్యామా తెగవారు ఇవాళ్టికీ రెండు దేశాల్లోనూ ఉన్నారు.

ఇక్కడ ఒక జాగ్రత్త. నది ఉంది కాబట్టి సహజ సరిహద్దు అనుకోకండి. నది ప్రకృతిదే కానీ దాన్ని సరిహద్దుగా ఎంచుకున్నది మనుషులు. పైగా నదిలో గీత ఏ ఒడ్డున ఉంది, మధ్యలో ఉందా అన్నది ఒప్పందంలోని మాటను బట్టి ఉంటుంది.

వింతగా కనిపించిన చోట తవ్వండి

ఎక్కువ సమయం పెట్టాల్సింది ఇక్కడే. ఆ వేలు లాంటి పట్టీని కాప్రివి పట్టీ అంటారు. లియో ఫాన్ కాప్రివి అప్పటి జర్మనీ ఛాన్సలర్. ఆయన ఎప్పుడూ చూడని నేలకు ఆయన పేరు ఎందుకొచ్చింది?

1890 జూలై 1న జర్మనీ, బ్రిటన్ ఒక ఒప్పందం చేసుకున్నాయి. ఉత్తర సముద్రంలోని హెలిగోలాండ్ దీవి జర్మనీకి వెళ్లింది. తూర్పు ఆఫ్రికా తీరంలోని జాంజిబార్ మీద బ్రిటన్ పెత్తనాన్ని జర్మనీ ఒప్పుకుంది. దాంతో పాటే తన నైరుతి ఆఫ్రికా వలస (ఇప్పటి నమీబియా) నుంచి జాంబెజి నది దాకా చేరడానికి ఒక దారి సంపాదించుకుంది. ఆ దారి ఎక్కడా 20 మైళ్ల కంటే ఇరుకుగా ఉండకూడదని ఒప్పందంలోనే రాసుకున్నారు. జాంబెజి మీదుగా హిందూ మహాసముద్రానికి, అక్కడి నుంచి తూర్పు ఆఫ్రికాలోని తన వలసకు చేరవచ్చని జర్మనీ ఆశ. కానీ ఆ నది మీద కొద్ది దూరం దిగగానే విక్టోరియా జలపాతం. సుమారు 108 మీటర్ల ఎత్తు నుంచి నీళ్లు దూకే చోట పడవ దారి ఎలా సాగుతుంది? ఆశ నెరవేరలేదు, పట్టీ మాత్రం ఉండిపోయింది.

ఈ కథ అక్కడితో ఆగలేదు. దక్షిణాన సరిహద్దు చోబె నది ప్రధాన పాయ మధ్య నుంచి వెళ్తుందని అదే ఒప్పందంలో ఉంది. నది ఒక చిన్న దీవికి అటూ ఇటూ రెండు పాయలుగా చీలింది. నమీబియా ఆ దీవిని కసికిలి అంటే, బోట్స్వానా సెదుదు అంటుంది. ప్రధాన పాయ ఏది? రెండు దేశాలూ అంతర్జాతీయ న్యాయస్థానానికి వెళ్లాయి. ఉత్తర పాయే ప్రధానమైనదని 1999లో తీర్పు వచ్చింది, దీవి బోట్స్వానాదైంది. ఎక్కడో యూరప్‌లో రాసుకున్న రెండు మాటలకు అర్థమేంటో 109 ఏళ్ల తర్వాత తేల్చాల్సి వచ్చింది. అందుకే ఒప్పందం దొరికితే మూలపాఠమే చదవమంటాను.

వాల్విస్ బేకి కూడా ఇదే ప్రశ్న వేయండి. జర్మన్లు రాకముందే, 1878లో, బ్రిటన్ ఆ రేవును పట్టుకుంది. 1884లో చుట్టుపక్కల నేల జర్మనీ చేతికి వెళ్లినా రేవు మాత్రం దక్షిణాన ఉన్న బ్రిటిష్ వలస కేప్ కాలనీలో, తర్వాత దక్షిణాఫ్రికాలో భాగమైంది. అందుకే నమీబియా స్వతంత్రమైన నాలుగేళ్లకు గానీ, అంటే 1994 మార్చి 1న గానీ, ఆ రేవు చేతికి రాలేదు. మంచి రేవు ఎవరి చేతిలో ఉందన్నది చూస్తే బలం ఎవరిదో తెలిసిపోతుంది.

పేర్లు, భాషలు చూడండి

ఇది త్వరగా అయిపోయే పని. పాత మ్యాప్‌లో నైరుతి ఆఫ్రికా అని ఉంటుంది, అంటే దిక్కు పేరే దేశం పేరు. 1915లో జర్మనీ నుంచి దాన్ని గెలుచుకున్న దక్షిణాఫ్రికా దశాబ్దాల పాటు వదల్లేదు. నమీబ్ ఎడారి పేరు మీదుగా వచ్చిన నమీబియా అనే పేరును ఐక్యరాజ్యసమితి 1968లో స్వీకరించింది. దక్షిణాఫ్రికా అక్కడ ఉండటం చట్టవిరుద్ధమని 1971లో అంతర్జాతీయ న్యాయస్థానం అభిప్రాయం చెప్పింది. స్వాతంత్ర్యం వచ్చాక రాజధాని విండ్‌హుక్‌లో కైజర్ (జర్మన్ చక్రవర్తి) వీధి ఇండిపెండెన్స్ అవెన్యూ అయింది. కాప్రివి ప్రాంతానికి 2013లో జాంబెజి అని పేరు పెట్టారు.

అధికార భాష ఇంగ్లిష్ ఒక్కటే. కానీ దాన్ని ఇంట్లో మాట్లాడేవాళ్లు చాలా తక్కువ. ఆఫ్రికాన్స్ ఎక్కువమందికి వచ్చినా, అది దక్షిణాఫ్రికా వర్ణవివక్ష పాలకుల భాష అన్న భావనతో పక్కన పెట్టారు.

మ్యాప్ చూపించని దాన్ని వెతకండి

ఈ పని వదిలేస్తే మిగతాదంతా గీతల ఆటగా మిగిలిపోతుంది. 1904 నుంచి 1908 వరకు జర్మన్ సైన్యం హెరెరో, నామా ప్రజలను ఊచకోత కోసింది. హెరెరోలను తూర్పున ఒమాహెకె ఎడారిలోకి తరిమి నీళ్లు దొరక్కుండా చేశారు. వాళ్లలో అత్యధికులు, నామా ప్రజల్లో దాదాపు సగం మంది చనిపోయారని అంచనా. ఇది జాతి సంహారమేనని 2021లో జర్మనీ ఒప్పుకుంది. మనం గీసిన కాగితం మీద ఆ ఎడారి ఖాళీ స్థలం, అంతే.

అలాగే దేశం లోపలి గీతలు కూడా వెతకండి. పశువుల రోగం అడ్డుకోవడానికి 19వ శతాబ్దం చివర్లో మొదలైన రెడ్ లైన్ అనే కంచె ఉత్తర నమీబియాను మిగతా దేశం నుంచి వేరు చేస్తుంది. వలస పాలనలో అది తెల్లవాళ్ల పొలాలకూ ఆఫ్రికన్ల ప్రాంతాలకూ మధ్య గోడగా మారింది. ఉత్తరాది రైతులకు పశువులను దాటించడంలో దాని ఇబ్బంది స్వాతంత్ర్యం తర్వాత కూడా పోలేదు.

ఇప్పుడు తేదీలు రాసుకోండి

1878, 1884, 1886, 1890, 1904, 1915, 1968, 1990, 1994. కంఠతా పట్టకండి. ఒక్కోదాని పక్కన నిర్ణయం తీసుకున్నది ఎవరో, ఆ మనిషి లేదా ప్రభుత్వం ఏ ఊళ్లో కూర్చుని తీసుకుందో రాయండి. లండన్, బెర్లిన్, ప్రిటోరియా, న్యూయార్క్ వస్తాయి. విండ్‌హుక్ ఎన్నో వరుసలో వచ్చిందో చూసుకోండి.

ఆ తర్వాత గాంబియా తీసుకోండి. సెనెగల్ లోపల, ఒకే ఒక్క నదికి అటూ ఇటూ సన్నగా పరుచుకున్న దేశం అది. పెన్సిల్ అక్కడ ఎక్కడ ఆగుతుందో మీకే తెలుస్తుంది.