జర్మనీలో కుక్కనో పిల్లినో పెంచుకోవాలనుకుంటున్నారా?

జర్మనీకి వచ్చి మొదటి చలికాలం గడిచేసరికి మనవాళ్ల ఇళ్లలో ఒక చర్చ మొదలవుతుంది. సాయంత్రం నాలుగున్నరకే చీకటి పడుతుంది, పలకరించే మనిషి ఉండడు. బయటికెళ్తే ట్రైన్‌లో, పార్కులో, చివరికి రెస్టారెంట్‌లో బల్ల కింద కూడా బుద్ధిగా పడుకున్న కుక్కలు కనిపిస్తాయి. "మనమూ ఒకదాన్ని తెచ్చుకుందామా?" అని పిల్లలు అడుగుతారు, పెద్దలకూ ఆశ పుడుతుంది. తప్పేమీ లేదు. ఈ దేశంలో సుమారు కోటి కుక్కలు, కోటిన్నర పిల్లులు ఇళ్లలో పెరుగుతున్నాయి. కానీ మన పరిస్థితీ ఇక్కడ పుట్టి పెరిగినవాళ్ల పరిస్థితీ ఒకటి కాదు. వాళ్లకు వీకెండ్‌లో కుక్కను వదిలి రావడానికి అమ్మమ్మ ఇల్లు ఉంటుంది. మనకు అమ్మమ్మ ఇల్లు విమానం ఎక్కితే గానీ రాదు.

అందుకే జాతి, రంగు, పేరు గురించి ఆలోచించే ముందు ఒక్క ప్రశ్నకు జవాబు వెతుక్కోండి. మీరు నాలుగైదు వారాలు ఇండియా వెళ్తే దాన్ని ఎవరు చూస్తారు? డబ్బు తీసుకుని జంతువులను ఉంచుకునే టీర్‌పెన్సియోన్‌లు ప్రతి పట్టణం చుట్టుపక్కలా ఉన్నాయి. కుక్కకు రోజుకు 20 నుంచి 40 యూరోలు మామూలే. అంటే ఐదు వారాలకు వెయ్యి యూరోలు దాటినా ఆశ్చర్యపోనక్కర్లేదు. పైగా వేసవి సెలవులకూ క్రిస్మస్‌కూ మంచి చోట్లు నెలల ముందే నిండిపోతాయి, మనం వెళ్లేదీ సరిగ్గా అప్పుడే. కుక్క ఉన్న ఇరుగుపొరుగుతో ముందునుంచీ స్నేహంగా ఉండి, వాళ్ల సెలవులప్పుడు వాళ్ల కుక్కను మీరు చూసి, మీ సెలవులప్పుడు మీదాన్ని వాళ్లు చూసేలా మాట్లాడుకున్నవాళ్లే హాయిగా ఉన్నారు. ఈ ప్రశ్నకు జవాబు దొరక్కపోతే ఇంకో ఏడాది ఆగడమే మంచిదని నా అభిప్రాయం.

ఇల్లు, ఓనరు

అద్దె ఇంట్లో ఉంటే కాంట్రాక్టు తీసి చదవండి. చేపలు, చిలకలు, హామ్‌స్టర్లలాంటి చిన్నవాటికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. కుక్కలు, పిల్లులు పూర్తిగా నిషేధం అని అచ్చేసిన కాంట్రాక్టులో ఒక లైను ఉన్నా అది చెల్లదని కార్ల్స్‌రూహేలోని ఫెడరల్ కోర్టు 2013లో తీర్పు చెప్పింది. ఇది విని కొందరు, "అయితే ఓనరును అడగక్కర్లేదు" అనుకుంటారు. తీర్పు చెప్పింది అది కాదు. ఓనరు గుడ్డిగా వద్దనకుండా ఇంటి సైజు, జంతువు, పక్కవాళ్ల ఇబ్బంది అన్నీ చూసి నిర్ణయించాలని మాత్రమే. కాబట్టి ముందే అడగండి, సరేనంటే ఈమెయిల్‌లోనైనా రాతపూర్వకంగా తీసుకోండి. ఇంటి కోసం ఇంకా వెతుకుతున్నవాళ్లకు ఒక మాట: బెర్లిన్, మ్యూనిక్‌లాంటి చోట్ల ఒక్క ఫ్లాట్‌కు వందల అప్లికేషన్లు వస్తాయి. అందులో "కుక్క ఉంది" అన్న కాగితం ఏ వరుసలోకి వెళ్తుందో మీరే ఊహించుకోండి. ఇల్లు కుదిరాక కుక్కను తెచ్చుకోవడం తేలిక.

ఇండియా నుంచి తెచ్చుకోవాలంటే

హైదరాబాద్‌లోనో విజయవాడలోనో ఇప్పటికే ఉన్న కుక్కను వదిలి రాలేక తంటాలు పడేవాళ్లు ఎక్కువ. దాన్ని తీసుకురావచ్చు. డబ్బు సంగతి అలా ఉంచండి, ముందు కావలసింది టైమ్. రేబిస్ విషయంలో యూరోపియన్ యూనియన్ నమ్మే దేశాల జాబితాలో ఇండియా లేదు. అందుకని వరుస ఇలా సాగుతుంది: మొదట మైక్రోచిప్ (చర్మం కింద పెట్టే గుర్తింపు చిప్), తర్వాత రేబిస్ టీకా, టీకా వేసిన 30 రోజులకు రక్తం శాంపిల్, దాన్ని యూరోపియన్ యూనియన్ గుర్తించిన ల్యాబ్‌కు పంపడం. యాంటీబాడీలు మిల్లీలీటరుకు కనీసం 0.5 అంతర్జాతీయ యూనిట్లు ఉండాలి. ఆ తర్వాత రక్తం తీసిన రోజు నుంచి మూడు నెలలు ఆగాలి. చిప్ కంటే ముందు వేసిన టీకా లెక్కలోకి రాదు. చాలామంది దొరికిపోయేది ఇక్కడే, మళ్లీ మొదటికొస్తుంది. 12 వారాల వయసు దాటితే గానీ రేబిస్ టీకా లెక్కకు రాదు కాబట్టి, ఏడు నెలలు నిండని కుక్కపిల్లను ఇండియా నుంచి ఇక్కడికి తేవడం ఆచరణలో కుదరదు.

చివర్లో ప్రభుత్వ వెటర్నరీ అధికారి ఇచ్చే హెల్త్ సర్టిఫికెట్ కావాలి. అది ఇచ్చిన పది రోజుల్లోపు ఇక్కడ దిగాలి. జంతువు ప్రయాణానికీ మీ ప్రయాణానికీ మధ్య ఐదు రోజులకు మించి తేడా ఉండకూడదు. ఫ్రాంక్‌ఫర్ట్‌లో దిగాక కస్టమ్స్‌లో రెడ్ ఛానెల్‌కే వెళ్లి కాగితాలు చూపించండి, గ్రీన్‌లోంచి జారుకోవద్దు.

ఒక హెచ్చరిక. పిట్‌బుల్ టెరియర్, అమెరికన్ స్టాఫర్డ్‌షైర్ టెరియర్, స్టాఫర్డ్‌షైర్ బుల్ టెరియర్, బుల్ టెరియర్ జాతులనూ వాటి సంకరాలనూ దేశంలోకి తేవడాన్ని 2001 నాటి చట్టం నిషేధించింది. మన ఊళ్లో ఇవి ఎంత ముద్దుగా పెరిగినా ఇక్కడ ఎయిర్‌పోర్ట్‌లో వాదించి లాభం లేదు. ఇవి కాక రాష్ట్రానికో "ప్రమాదకర జాతుల" జాబితా వేరే ఉంటుంది. ఒక రాష్ట్రంలో మామూలు కుక్క, ఇంకో రాష్ట్రానికి ఉద్యోగం మారితే లైసెన్సు కావలసిన కుక్క అయిపోతుంది.

ఇక్కడే పెంచుకుంటున్న జంతువుతో సెలవులకు ఇండియా వెళ్లాలనుకుంటే, ఆ రక్తపరీక్ష బయల్దేరే ముందే జర్మనీలో చేయించి, ఫలితాన్ని యూరోపియన్ పెట్ పాస్‌పోర్ట్‌లో రాయించుకోండి. టీకా గడువు మధ్యలో తెగకుండా చూసుకుంటే తిరిగొచ్చేటప్పుడు మూడు నెలల నిరీక్షణ ఉండదు.

ఇక్కడ ఎక్కడ దొరుకుతాయి

మొదట చూడవలసింది టీర్‌హైమ్, అంటే జంతువుల ఆశ్రమం. వీధికుక్కలు ఈ దేశంలో కనబడవు. సరైన కారణం లేకుండా జంతువును చంపడం జంతుసంరక్షణ చట్టం ప్రకారం నేరం, కాబట్టి దిక్కులేనివి, వదిలేసినవి అన్నీ ఇక్కడికే చేరతాయి. బెర్లిన్ శివారు ఫాల్కెన్‌బెర్గ్‌లో ఉన్న టీర్‌హైమ్ యూరప్‌లోనే అతి పెద్దవాటిలో ఒకటి.

మనవాళ్లు అక్కడికి వెళ్లి కాస్త నొచ్చుకుని వస్తారు. ఎందుకంటే కుక్కను మీరు ఎంచుకునే ముందు వాళ్లు మిమ్మల్ని ఇంటర్వ్యూ చేస్తారు. రోజుకు ఎన్ని గంటలు ఒంటరిగా ఉంటుంది? ఓనరు అనుమతి కాగితం ఏది? ఇంట్లో లిఫ్ట్ ఉందా, ఎన్నో అంతస్తు? సెలవులప్పుడు ఎవరు చూస్తారు? భార్యాభర్తలిద్దరూ ఎనిమిది గంటలు ఆఫీసులో ఉంటామంటే చాలాసార్లు సున్నితంగా వద్దంటారు. ఇదేదో మన చర్మం రంగు చూసి అన్నమాట అనుకోకండి, పక్కింటి జర్మన్ జంటకూ అదే జవాబు వస్తుంది. ఒకటికి రెండుసార్లు వెళ్లి, కుక్కను కాసేపు నడిపించి, పరిచయం పెంచుకోండి. తీసుకునేటప్పుడు కట్టే రుసుము బ్రీడర్ ధరతో పోలిస్తే చాలా తక్కువ. టీకాలు, చిప్ అప్పటికే అయిపోయి ఉంటాయి.

క్లైన్‌ఆన్‌సైగెన్‌లాంటి ప్రకటనల సైట్లలో "అర్జెంట్, చవకగా" అని కనిపించే కుక్కపిల్లల జోలికి మాత్రం పోకండి. తూర్పు యూరప్ నుంచి దొంగచాటుగా తెచ్చి పార్కింగ్ స్థలంలో కారు డిక్కీలోంచి అమ్మేసే వ్యాపారం ఒకటి నడుస్తోంది. దాన్ని పట్టుకునే చిట్కా తేలికే. విదేశం నుంచి వచ్చే ఏ పిల్లకైనా 12 వారాలకు రేబిస్ టీకా, ఆపైన 21 రోజుల విరామం తప్పనిసరి. అంటే 15 వారాలు నిండకుండా జర్మనీలో అడుగు పెట్టకూడదు. "రొమేనియా నుంచి వచ్చింది, ఎనిమిది వారాల పిల్ల" అన్నారంటే ఫోన్ పెట్టేయండి. ఇక్కడే పుట్టిన పిల్లయితే తల్లితో పాటు చూపించమనండి.

పన్ను, ఇన్సూరెన్సు

కుక్కకు పన్ను ఉంది, పిల్లికి లేదు. హుండెష్టోయర్ అనే ఈ పన్నును ఊరి పాలకవర్గం వసూలు చేస్తుంది, రేటు ఊరికో తీరు. బెర్లిన్‌లో మొదటి కుక్కకు ఏడాదికి 120 యూరోలు, రెండోదాని నుంచి ఒక్కోదానికి 180. మ్యూనిక్‌లో 100. కుక్క వచ్చిన కొద్ది వారాల్లోనే నమోదు చేయించాలి, ఆ గడువు కూడా ఊరిని బట్టి మారుతుంది. పన్ను కడుతున్నాం కదా, రోడ్డు మీది మలం వాళ్లే తీసుకుంటారనుకోవద్దు. ఆ డబ్బు ఊరి సాధారణ ఖజానాలో కలుస్తుంది, సంచి పట్టుకుని వంగాల్సింది మీరే. తీయకపోతే ఫైన్.

దీనికంటే ముఖ్యమైనది హాఫ్ట్‌ఫ్లిష్ట్, అంటే మీ కుక్క వల్ల ఎవరికైనా నష్టం జరిగితే కట్టే ఇన్సూరెన్సు. మీ తప్పు లేకపోయినా మీ కుక్క చేసిన నష్టానికి మీరే బాధ్యులని ఇక్కడి సివిల్ కోడ్‌లోని 833వ సెక్షన్ అంటుంది. తాడు జారి కుక్క సైకిల్‌కు అడ్డం పడింది, ఆ మనిషి భుజం విరిగింది అనుకోండి. ఆపరేషన్, ఫిజియోథెరపీ, పోయిన జీతం అన్నీ మీ ఖాతాలోకే. బెర్లిన్, హాంబుర్గ్, లోయర్ సాక్సనీలాంటి కొన్ని రాష్ట్రాల్లో ఈ పాలసీ తప్పనిసరి. తప్పనిసరి కానిచోట కూడా తీసుకోండి. మీకు మామూలుగా ఉండే ప్రైవేట్ హాఫ్ట్‌ఫ్లిష్ట్ పిల్లికి సరిపోతుంది, కుక్కకు సరిపోదు. లోయర్ సాక్సనీలో మొదటిసారి కుక్కను పెంచేవాళ్లు పరీక్ష కూడా రాయాలి. థియరీ కుక్కను తెచ్చుకునే ముందు, ప్రాక్టికల్ మొదటి ఏడాదిలోపు.

డాక్టరు బిల్లు

వెటర్నరీ ఫీజులు ఇక్కడ డాక్టరు ఇష్టం కాదు. గేఓటే అనే ప్రభుత్వ పట్టిక ప్రకారం వసూలు చేయాలి. 2022 నవంబరులో పట్టిక మారాక బిల్లులు బాగా పెరిగాయి. ప్రతి పనికీ ఒక మూల ధర ఉంటుంది. కేసును బట్టి డాక్టరు దానికి ఒకటి నుంచి మూడు రెట్ల వరకు తీసుకోవచ్చు. బిల్లు చేతికొచ్చాక పక్కన ఉన్న ఆ గుణకం చూడండి. కుక్కకో పిల్లికో మామూలు పరీక్ష, సలహా కలిపి మూల ధర 23.62 యూరోలు, పైన 19 శాతం పన్ను. అదే ఆదివారం మధ్యాహ్నం చాక్లెట్ తినేసిందని ఎమర్జెన్సీకి పరిగెత్తితే కనీసం రెండు రెట్లు, గరిష్ఠంగా నాలుగు రెట్లు, దానికి తోడు 50 యూరోల ఎమర్జెన్సీ రుసుము. పన్నుతో కలిపి లెక్కేస్తే ఇంజెక్షన్ కూడా పడకముందే సుమారు 115 యూరోలు. శుక్రవారం సాయంత్రం ఆరు నుంచి సోమవారం పొద్దున ఎనిమిది దాకా వీకెండ్ లెక్కే. కాబట్టి శుక్రవారం మధ్యాహ్నం కుక్క కాస్త డల్‌గా కనిపిస్తే "రేపు చూద్దాం" అనుకోకండి.

మన హెల్త్ ఇన్సూరెన్సుకూ దీనికీ సంబంధం లేదు, చాలా క్లినిక్కుల్లో డబ్బు అప్పటికప్పుడే కట్టాలి. జంతువుల ఆరోగ్య పాలసీలు రెండు రకాలు. ఆపరేషన్లకు మాత్రమే ఇచ్చేది చవక, అన్నిటికీ ఇచ్చేది ఖరీదు. పడుచు కుక్కకు ఆపరేషన్ పాలసీ చాలనిపిస్తుంది నాకు, మిగిలిన డబ్బు నెలనెలా పక్కన పెట్టుకోవచ్చు.

తిండి గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు. ఫ్రెస్‌నాప్ఫ్, ఫుట్టర్‌హౌస్ దుకాణాలు ప్రతి ఊళ్లో ఉన్నాయి, ఆన్‌లైన్‌లో జూప్లస్ ఉంది. ఆల్డీ, లిడ్ల్, డీఎమ్‌ల సొంత బ్రాండ్లు కూడా వస్తువుల నాణ్యతను పరీక్షించే శ్టిఫ్టుంగ్ వారెన్‌టెస్ట్ సంస్థ పరీక్షల్లో మంచి మార్కులు తెచ్చుకున్న సందర్భాలున్నాయి. సంచి మీద "ఆల్లైన్‌ఫుట్టర్" అని ఉంటే అదొక్కటే పెట్టినా పోషకాలు సరిపోతాయని అర్థం. ఉల్లిపాయ, వెల్లుల్లి పడిన మన కూరన్నం మాత్రం పెట్టకండి, అది కుక్కలకు విషం.

రోజువారీ బతుకు

నియమం ప్రకారం కుక్కను చాలినంతసేపు ఆరుబయట తిరగనివ్వాలి. మైనస్ ఐదు డిగ్రీల్లోనూ, వాన పడుతున్నా. ముళ్ల పట్టీలు, కరెంటు షాక్ పట్టీలు నిషేధం. డాయిచ్ బాన్ రైళ్లలో బుట్టలో పట్టే చిన్న కుక్కకు టికెట్ లేదు. పెద్దదానికి టికెట్, తాడు, కరవకుండా మూతికి తొడిగే బుట్ట (మౌల్‌కోర్బ్) కావాలి. సూపర్ మార్కెట్లోకి రానివ్వరు, రెస్టారెంట్‌లో అడిగితే సాధారణంగా సరేనంటారు, నీళ్ల గిన్నె కూడా తెచ్చిపెడతారు. ఏప్రిల్ నుంచి జులై మధ్య దాకా లోయర్ సాక్సనీ అడవుల్లో తాడు విప్పకూడదు, జింకలు పిల్లల్ని పెట్టే కాలం అది. వేసవిలో గడ్డిలోంచి రాగానే చెవుల వెనక, చంకల్లో పిడుదుల కోసం వెతకడం అలవాటు చేసుకోండి.

పిల్లిని బయట తిరగనిచ్చేవాళ్లు ఊరి నిబంధన చూసుకోవాలి. 2008లో పాడర్‌బోర్న్ మొదలుపెట్టాక చాలా ఊళ్లు, బయట తిరిగే పిల్లికి కుటుంబ నియంత్రణ ఆపరేషన్, చిప్ తప్పనిసరి చేశాయి.

ఇక డిసెంబర్ 31. ఏడాదంతా నిశ్శబ్దంగా ఉండే ఈ దేశం ఆ రాత్రి మన దీపావళిని మించిపోతుంది. పగటిపూట కూడా తాడు విప్పకుండా తిప్పండి, సాయంత్రమయ్యాక కిటికీ తెరలు దించి ఇంట్లోనే ఉంచండి. బెదిరి పారిపోయే కుక్కలు ఆ రాత్రి చాలా. చిప్ ఉంది కదా అనుకుంటారు, కానీ చిప్‌లో ఉండేది నంబరు మాత్రమే. ఆ నంబరును తాసో, ఫిండెఫిక్స్ అనే పెంపుడు జంతువుల రిజిస్టర్లలో ఏదో ఒకదానిలో మీ పేరు, ఫోన్‌తో మీరే నమోదు చేసుకోవాలి. రెండింట్లోనూ ఉచితమే. ఇల్లు మారినా, సిమ్ మార్చినా అక్కడ కూడా మార్చండి.