డిస్మిస్ అయి ఏళ్లు గడిచాక క్యాట్‌లో కేసు వేయాలంటే

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగం పోగొట్టుకున్నవాళ్లు చాలామంది వకీలు గడప తొక్కేసరికే గడువు దాటిపోయి ఉంటుంది. ఆర్డర్ అన్యాయమైనదే కావచ్చు. కానీ కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్ (క్యాట్) ముందుగా తారీఖులు చూస్తుంది. అవతలి పక్షం గడువు ఊసెత్తకపోయినా ట్రైబ్యునల్ తనంతట తానే చూడాలని డి.సి.ఎస్. నేగి కేసులో సుప్రీంకోర్టు 2011లోనే తేల్చింది.

మొదటి మెట్టు శాఖలో అప్పీలు. డిస్మిస్ ఆర్డర్ కాపీ చేతికందిన 45 రోజుల్లో వేయాలి, రైల్వేవాళ్లకూ అంతే. గడువు దాటినా తగిన కారణం చూపిస్తే అప్పీలు అధికారి తీసుకోవచ్చు. అప్పీలుపై తుది ఉత్తర్వు వచ్చాక క్యాట్‌కు వెళ్లడానికి ఏడాది గడువు. జవాబే రాకపోతే? ఆరు నెలలు ఆగి, ఆ తర్వాత ఏడాదిలోపు వేయాలి. అంటే 2023 జనవరి 10న అప్పీలు వేసి జవాబు లేకుండా ఉంటే, 2024 జులై 10 దాటకూడదు.

ఎక్కువమంది బోల్తా పడేది రిప్రజెంటేషన్ల (శాఖకు పెట్టుకునే అర్జీల) దగ్గర. ఏటా ఒక అర్జీ పెడుతూ పోతే కేసు బతికే ఉంటుందని ఆఫీసుల్లో ఒక నమ్మకం ఉంది. యూనియన్ పెద్దలు కూడా ఇదే సలహా ఇస్తుంటారు. ఎస్.ఎస్. రాథోడ్ కేసు (1989) ఆ నమ్మకాన్ని ఎప్పుడో కొట్టేసింది. సి. జేకబ్ కేసు (2008) ఇంకో అడుగు ముందుకేసింది: ఎన్నో ఏళ్ల తర్వాత పెట్టిన అర్జీకి శాఖ జవాబిచ్చినా, ఆ జవాబు తారీఖు నుంచి కొత్త గడువు మొదలు కాదు. 'ఆర్డరే చెల్లదు, దానికి గడువేంటి' అనే వాదనా నిలవదు. చెల్లని ఆర్డర్‌నైనా గడువులోనే సవాలు చేయాలని 1991లో గురుదేవ్ సింగ్ కేసులో చెప్పారు. పెన్షన్ తక్కువ వస్తోందంటే అది నెలనెలా జరిగే నష్టం కాబట్టి కొంత వెసులుబాటు ఉంది. డిస్మిస్ ఒక్కసారి జరిగిపోయేది, దానికి ఆ వెసులుబాటు ఉండదు.

ఇక దరఖాస్తు సంగతి. ఏపీ, తెలంగాణవాళ్లకు హైదరాబాద్ బెంచి. ఫారం-1లో ఓఏ (ఒరిజినల్ అప్లికేషన్, అంటే అసలు దరఖాస్తు) రాయాలి, ఫీజు 50 రూపాయలు. మూడో కాలమ్‌లో 'గడువులోపే వేస్తున్నాను' అని ప్రకటించాలి. గడువు దాటినవాళ్లు అక్కడ యథాలాపంగా అదే వాక్యం దించేస్తే చిక్కే. ఆలస్యం మన్నించమని విడిగా ఎంఏ (మిస్లేనియస్ అప్లికేషన్, అంటే అనుబంధ దరఖాస్తు), దానికి అఫిడవిట్ జతచేయాలి. ఎంఏ లేకుండా ఓఏలోనే రెండు ముక్కలు రాసి సరిపెడితే ట్రైబ్యునల్ ఆలస్యాన్ని మన్నించలేదు.

గట్టిగా శ్రమ పెట్టాల్సింది ఆ అఫిడవిట్ మీదే. 'అనారోగ్యం, ఆర్థిక ఇబ్బందుల వల్ల రాలేకపోయాను' అంటే ఎవరూ కరగరు. ఆలస్యాన్ని ముక్కలుగా విడగొట్టి, ప్రతి ముక్కకు ఒక కాగితం చూపించండి. ఉదాహరణకు ఇలా: 'అప్పీలు ఉత్తర్వు పాత క్వార్టర్ చిరునామాకు వెళ్లి తిరిగివచ్చింది (కవరు నకలు జత). సమాచార హక్కు కింద కాపీ 2022 మార్చి 4న అందింది. ఆ ఏప్రిల్ నుంచి డిసెంబరు వరకు డయాలసిస్‌లో ఉన్నాను (డిశ్చార్జి సమ్మరీ జత).' మధ్యలో ఏ నెలకైనా లెక్క తేలకపోతే బెంచి వేలు పెట్టేది అక్కడే. పోస్టల్ కవర్లు, అక్‌నాలెడ్జ్‌మెంట్ కార్డులు పారేయకండి. ఆర్డర్ ఏ రోజు అందిందో తేల్చేవి అవే.

క్రిమినల్ కేసులో శిక్ష పడిందన్న ఒక్క కారణంతో డిస్మిస్ చేసి, పై కోర్టు తర్వాత నిర్దోషిగా తేలిస్తే పరిస్థితి వేరు. తీర్పు నకలు రాగానే దాన్ని జతచేసి శాఖకు అర్జీ పెట్టాలి. అప్పుడు కూడా నెలల తరబడి కూర్చోవద్దు.

రాష్ట్ర ఉద్యోగులకు ఇప్పుడు రెండు రాష్ట్రాల్లోనూ ట్రైబ్యునల్ లేదు, హైకోర్టులో రిట్ వేయాలి. దానికి ఇన్ని రోజులని గడువు రాసిలేకపోయినా, చేతులు ముడుచుకు కూర్చున్నవాళ్లను హైకోర్టు వట్టి చేతులతో పంపేయగలదు. ఆలస్యానికి కారణం రిట్ అఫిడవిట్‌లోనే వివరంగా రాయాలి.

నా మటుకు నేనైతే ఒకటి చెబుతాను: ఓఏలో ఏం కోరుతున్నారో రాసే రిలీఫ్ కాలమ్‌లో, ఆలస్యమైన కాలానికి జీతం బకాయిలు అడగబోనని ముందే రాసేయండి. ఎంఏ మీద వాదన జరిగేటప్పుడు శాఖ వకీలు చేతిలోంచి ఒక బలమైన మాట జారిపోతుంది.