మారుపేరుతో బతికిన చిత్రకారుడి జీవితాన్ని చదవడం ఎలా

ప్రచ్ఛన్న యుద్ధ కాలపు గూఢచారి జీవితంలో కల్పన ఎంత, నిజం ఎంత అని తేల్చుకోవాలంటే ముందుగా ఒక కాగితం మీద మూడు గడులు గీసుకోవాలి: పేరు, ఆ పేరుకు ఆధారం, ఆ పేరుతో చేసిన పని. 1950లలో న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో, ఫుల్టన్ వీధి స్టూడియోలో బొమ్మలు వేసుకుంటూ గడిపిన ఎమిల్ గోల్డ్‌ఫస్‌నే ఉదాహరణగా తీసుకుందాం.

ఇతని అసలు పేరు విలియం ఫిషర్; 1903లో ఇంగ్లండ్‌లోని న్యూకాసిల్‌లో పుట్టిన సోవియట్ గూఢచారి. గోల్డ్‌ఫస్ అన్నది పసితనంలోనే చనిపోయిన ఒక న్యూయార్క్ బిడ్డ పేరు. జనన పత్రం ఉంది, కాదనడానికి మనిషి లేడు. 1957 జూన్‌లో పట్టుబడ్డాక చెప్పిన రుడాల్ఫ్ ఏబెల్ అన్న పేరు కూడా చనిపోయిన సహోద్యోగిదే. దాన్ని మరో అబద్ధమని తొందరపడి కొట్టేయకూడదు. తాను దొరికిపోయానని, అయినా నోరు విప్పలేదని మాస్కోకు తెలియజేయడానికే ఆ పేరు చెప్పాడన్న వివరణ బలంగా ఉంది. అందువల్ల ప్రతి పేరు పక్కన, అది ఎవరి చెవిన పడాలని చెప్పిందో కూడా రాసుకోవాలి.

ఎక్కువసేపు ఆగవలసింది పని అనే గడి దగ్గర. చిత్రకారుడి రాకపోకలకు వేళాపాళా ఉండదు, అతని గదిలో రసాయనాలు, కెమెరా సామగ్రి కనబడినా ఎవరూ వింతగా చూడరు. అయితే పక్క గదుల్లోని బర్ట్ సిల్వర్మన్ వంటి యువ చిత్రకారులను కాగితాలతో నమ్మించడం కుదరదు. ఆ ముసుగు అన్నాళ్లు జారకపోవడానికి అతను నిజంగానే శ్రద్ధగా బొమ్మలు వేయడమే కారణమని నా అభిప్రాయం. శిక్షపడి అట్లాంటా జైలులో ఉన్నప్పుడు, ముసుగు అవసరమే లేని రోజుల్లోనూ కుంచె వదల్లేదు కనుక ఆ పనిని నిస్సంకోచంగా నిజాల వైపు చేర్చవచ్చు.

ఒక జాగ్రత్త. 1953లో బ్రూక్లిన్‌లో ఒక పేపర్ కుర్రాడి చేతిలోంచి జారిన అయిదు సెంట్ల నాణెం రెండు చెక్కలై, లోపల అయిదేసి అంకెల వరుసలున్న బుల్లి ఫొటో బయటపడింది. ఈ కథను చాలామంది ఫిషర్ ఖాతాలో వేస్తారు. 1957లో అమెరికా వైపు ఫిరాయించిన అతని సహాయకుడు రైనో హేహానెన్ ఇచ్చిన వివరాలతో ఆ అంకెల సంకేతాన్ని విప్పి చూస్తే, అది హేహానెన్‌కే వచ్చిన సందేశమని తేలింది.

1962 ఫిబ్రవరి 10న బెర్లిన్ అంచునున్న గ్లీనికే వంతెన మీద, సోవియట్ చెరలో ఉన్న అమెరికా గూఢచారి విమాన పైలట్ పవర్స్‌కు మారుగా ఫిషర్‌ను అప్పగించారు. 1971లో మరణించిన అతని సమాధిరాయి మీద ఫిషర్, ఏబెల్ అన్న రెండు పేర్లూ ఉన్నాయి. మీ మొదటి గడిలోనూ రెండింటినీ ఉంచండి.