సీజ్ అయిన బండిని విడిపించుకోవడం – 4వ పాఠం: రేషన్ బియ్యం కేసులు

పోయిన పాఠంలో బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 497, 503 సెక్షన్ల కింద మెజిస్ట్రేట్ కోర్టులో పిటిషన్ రాయడం నేర్చుకున్నాం. చాలామంది ఆ నమూనాను ఉన్నదున్నట్టు దింపేసి, రేషన్ బియ్యంతో పట్టుబడిన బండ్లకు కూడా వేసేశారు. కొన్ని ఆఫీసులోనే రిటర్న్ అయ్యాయి, కొన్ని వాదన విన్నాక డిస్మిస్ అయ్యాయి. ఏ చట్టం కింద పట్టుకున్నారో ముందు చూసుకోమని ఆ పాఠం మొదట్లోనే రాశాను. అందరూ నేరుగా నమూనా దగ్గరికే వెళ్లినట్టున్నారు. అందుకే ఇసుక ట్రాక్టర్లు వచ్చే వారానికి వాయిదా.

బియ్యం బండి దొరికితే రెండు ఫైళ్లు నడుస్తాయి. ఒకటి నిత్యావసర సరుకుల చట్టం, 1955లోని 7వ సెక్షన్ కింద క్రిమినల్ కేసు. అది కోర్టులో ఉంటుంది. రెండోది అదే చట్టంలోని 6ఎ సెక్షన్ కింద జప్తు ఫైలు, అంటే పట్టుకున్నదాన్ని ప్రభుత్వం సొంతం చేసుకునే ఫైలు. అది కలెక్టర్ దగ్గర ఉంటుంది, ఆంధ్రలో సాధారణంగా జాయింట్ కలెక్టర్ చూస్తారు. బండి ఈ రెండో ఫైలుకు చెందినది. జప్తు సంగతి తేలేదాకా బండిని విడిచిపెట్టాలా వద్దా అన్నది కలెక్టరో, ఆయన ఉత్తర్వుపై అప్పీలు వినే అధికారో తప్ప ఇంకే కోర్టూ తేల్చకూడదని 6ఇ సెక్షన్ చెబుతుంది. బండ్లను స్టేషన్ల ముందు తుప్పు పట్టనివ్వొద్దన్న 2002 నాటి సుప్రీంకోర్టు సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ తీర్పును ఎంత గట్టిగా చదివినా, ఇక్కడ మెజిస్ట్రేట్ ఏమీ చేయలేరు.

కాబట్టి ఆర్సీ, ఇన్సూరెన్స్, పర్మిట్, పంచనామా కాపీ జతచేసి కలెక్టర్‌కే దరఖాస్తు పెట్టండి. స్టాంపు వేసిన రసీదు తీసుకోండి. ఉలుకూపలుకూ లేకపోతే రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయండి, 6ఇ దానికి అడ్డు కాదు. పూచీకత్తు ఇస్తాను, బండి అమ్మను, రూపం మార్చను, అడిగినప్పుడు తెచ్చి చూపిస్తాను అని నేనైతే దరఖాస్తులో ముందే రాసేస్తాను. షరతులు వద్దని బేరమాడితే పని ఆలస్యమవుతుంది.

ఇక నాకు ఒళ్లు మండే విషయం. బండిని ఎందుకు జప్తు చేయకూడదో చెప్పమని కలెక్టర్ ఇచ్చే షోకాజ్ నోటీసుకు అందరూ రాసే జవాబు ఒక్కటే: "నాకేమీ తెలియదు, అంతా డ్రైవరే చేశాడు." దయచేసి ఇది రాయకండి. 6బి(2) ప్రకారం ఓనర్‌కు తెలియకపోతే చాలదు. ఏజెంటు ఉంటే అతనికీ, బండి నడిపినవాడికీ కూడా తెలియదని చూపించాలి. పైగా ముగ్గురూ తగిన జాగ్రత్తలు తీసుకున్నారనీ చూపించాలి. "డ్రైవరే చేశాడు" అంటే డ్రైవర్‌కు తెలుసని మీరే ఒప్పుకున్నట్టు. జప్తుకు మీరే సంతకం పెట్టిచ్చినట్టు.

ఉదాహరణకు, ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసు మిల్లు బిల్లుతో లోడ్ ఇచ్చింది. బిల్లులో సన్నబియ్యం అని ఉంది, బస్తాలు కుట్టేసి ఉన్నాయి. ఇక్కడ డ్రైవర్‌కు కూడా తెలియదనడానికి ఆధారం ఉంది: బిల్లు, లారీ రసీదు, బుక్ చేసినవాళ్ల మెసేజ్‌లు. అదే అర్ధరాత్రి ఊళ్లు తిరిగి ఇళ్ల దగ్గర బస్తాలు ఎక్కించుకుంటే ఈ వాదన నిలవదు. ఏది రాసే ముందైనా పంచనామాలో డ్రైవర్ ఏం చెప్పాడని ఉందో చదవండి. మీ జవాబు దానికి ఎదురు తిరిగితే, ఎందుకో అక్కడే చెప్పాలి.

కిరాయి బండి అయితే ఇంకో దారి కూడా ఉంది. జప్తుకు బదులు జరిమానా కట్టే అవకాశం ఓనర్‌కు ఇవ్వాలి. ఆ జరిమానాకు పరిమితి బండి ఖరీదు కాదు, పట్టుకున్న రోజు సరుకు మార్కెట్ ధర. 2,000 కిలోలు, కిలో 40 రూపాయలు అనుకుంటే 80,000 దాటకూడదు, బండి ఆరు లక్షలదైనా సరే. సొంత వాడకం బండికి ఇది వర్తించదు.

గంజాయి బండ్ల గురించి అడిగినవాళ్లకు ఒక్క మాట. వాటికి వర్తించే మాదకద్రవ్యాల చట్టం (ఎన్‌డీపీఎస్)లో 6ఇ లాంటి అడ్డు లేదు. కోర్టు మధ్యంతరంగా విడుదల చేయవచ్చని 2025 జనవరిలో అస్సాం లారీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

అభ్యాసం: కాకినాడ వైపు వెళ్తున్న కిరాయి లారీలో 10 టన్నుల రేషన్ బియ్యం, బస్తాల కింద 15 కిలోల గంజాయి దొరికాయి. ఆర్సీలో పాత చిరునామా ఉంది, నోటీసు తిరిగి వెళ్లిపోయింది. ఫైనాన్స్ ఇంకా తీరలేదు. ఎవరి ముందు, ఏ వరుసలో, ఏమేం వేస్తారో రెండు పేజీల్లో రాయండి. నోటీసుకు జవాబు కూడా మీరే తయారుచేయాలి. సెక్షన్ నంబర్లు మాత్రమే రాసి పంపితే దిద్దను.